డాక్టరమ్మ అడిగిన దాల్చినచెక్క రొట్టె

మందుల దుకాణాల్లోనూ దవాఖానల్లోనూ కొత్తగా పనికి కుదిరిన పిల్లలు అప్పుడప్పుడు మా ఇంటికి వచ్చి కూర్చుంటారు. "తాతా, మీ సర్వీసులో బాగా భయపడ్డ రోజు ఏది?" అని అడుగుతారు. కలరా సంగతో, పాము కాటు సంగతో చెబుతానని వాళ్ల ఆశ. నేను నిజం చెప్తే ఒకరి మొఖం ఒకరు చూసుకుంటారు. ఇన్నేళ్లు విషం లాంటి మందులు గ్రెయిన్ల లెక్కన తూచాను, ఒక్కనాడూ భయపడలేదు. భయపడింది ఒక్కసారే. అది మైదాపిండి తూచిన రోజుల్లో.

పోలీసు చర్య జరిగిన మరుసటి ఎండాకాలం అది. సూర్యాపేటలో మిషన్ వాళ్లు నడిపే ఒక చిన్న దవాఖానలో నేను కంపౌండరును. వయసు ఇరవై రెండు. మాది పెన్‌పహాడ్. అప్పట్లో మాలాంటి వాళ్లు మూడేళ్లు ఒక డాక్టరు దగ్గర పనిచేసి, ఆ డాక్టరు సంతకంతో పరీక్షకు కూర్చుంటేనే సర్టిఫికెట్ వచ్చేది. నాకింకా ఎనిమిది నెలలు మిగిలి ఉంది. మా అమ్మ మాత్రం అంతదాకా ఆగలేదు. ఊళ్లో నన్ను అప్పుడే సగం డాక్టరును చేసి పెట్టింది. ఎవరికి దగ్గొచ్చినా "మావోడు వచ్చేదాక జర ఓపిక పట్టుండ్రి" అని ఆపేది. నేను పోయేసరికి ఎనిమిది మంది దగ్గుతూ మా అరుగు మీద కూర్చుని ఉండేవాళ్లు.

దవాఖానకు పెద్ద ఒక విదేశీ డాక్టరమ్మ. వచ్చి ఏడేళ్లయింది. తెలుగు పుస్తకాలు ముందేసుకుని నేర్చుకున్నందువల్ల ఆమె మాట అచ్చు వేసినట్టుండేది. కడుపునొప్పితో మెలికలు తిరుగుతున్న రైతును "నీ ఉదరములో ఎచ్చట నొప్పి కలుగుచున్నది?" అని అడిగేవారు. ఆ రైతు బిక్కమొహం వేసుకుని నా దిక్కు చూసేవాడు. "కడుపుల యాడ నొస్తుందని అడుగుతున్నరు" అని నేను చెప్పేవాణ్ని. చాలా మంచి మనిషి. కోపం వస్తే అందరిలా గొంతు పెంచేవారు కాదు, తగ్గించేవారు. ఎంత తగ్గితే మాకంత భయం.

ఆమెకు సహించనిది కల్లు. తాగి చెట్ల మీంచి, బండ్ల మీంచి పడ్డవాళ్లకు కుట్లు వేసీ వేసీ ఆమె చేతులు కాయలు కాశాయి. అందుకే దవాఖానలో పనిచేసేవాళ్లందరి చేత కల్లు ముట్టమని సంతకాలు తీసుకున్నారు. సంతకం పెట్టి తప్పినవాణ్ని అప్పటికి నేనొక్కణ్నే. మాఘంలో మేనమామ కొడుకు పెళ్లికి పోయి, వద్దు వద్దంటూనే రెండు ముంతలు పట్టించి, తెల్లవారి డ్యూటీకి వచ్చాను. మా హెడ్ నర్సమ్మది కోదాడ. ఆమె ముక్కు మా దవాఖానలో అన్ని పరికరాలకన్నా నమ్మకమైంది. కట్టు విప్పకుండానే పుండు మానుతుందో లేదో చెప్పేది. నేను గుమ్మం దాటి లోపలికి రాకముందే ఆమె ముక్కు తిప్పింది, మరునిమిషం డాక్టరమ్మ గదిలో ఉంది. డాక్టరమ్మ నన్ను పిలిచి, వినపడీ వినపడని గొంతుతో, "ఇది మొదటి తప్పు. రెండవది జరిగినచో మీకిచట ఉద్యోగము ఉండదు" అన్నారు.

ఆ మాట నెత్తి మీద ఉండగానే రొట్టె పని వచ్చి పడింది.

మిషన్‌లో పై స్థాయి పెద్దాయన ఒకరు తనిఖీకి వస్తున్నారని కబురొచ్చింది. డాక్టరమ్మ దేశంవాడే. కల్లు, సారా మాన్పించే సభలు పెట్టడంలో ఆయనకు పేరుంది. సూర్యాపేటలోనూ సాయంత్రం సభ పెడతారట. దానికి ముందు డాక్టరమ్మ బంగళాలో టీ. ఆ టీతో పాటు తన చిన్నప్పుడు ఇంట్లో చేసే తియ్యరొట్టె పెట్టాలని ఆమెకు కోరిక పుట్టింది. అక్కకు రాసి, చేసే విధానం ఉత్తరంలో తెప్పించారు. పిండిని నిమ్మకాయంత ఉండలు చేసి, ఒక్కొక్కదాన్ని కరిగిన వెన్నలో ముంచి, చక్కెర, దాల్చినచెక్క పొడిలో పొర్లించి, లోతు గిన్నెలో ఒకదాని మీద ఒకటి పేర్చి కాల్చాలి. కత్తి పెట్టకూడదు. అందరూ చుట్టూ కూర్చుని చేత్తో తుంచుకుని తినాలి. "నడుమనున్న ముక్క కొరకు నేనును నా తమ్ముడును కొట్టుకొనెడివారము" అని చెప్తూ ఆమె నవ్వారు. ఆమె అట్లా నవ్వడం నేను చూసింది తక్కువ.

ఉత్తరం ఇంగ్లీషులో ఉంది, కొలతలు ఔన్సుల్లో ఉన్నాయి. బంగళాలో వంట చేసే పెద్దమ్మకు చదువు రాదు. ఔన్సులు, తక్కెడ, ఇంగ్లీషు మూడూ తెలిసినవాణ్ని నేనే కాబట్టి, పది రోజుల్లో ఇద్దరూ కలిసి చేసి చూడండన్నారు.

పెద్దమ్మ అని ఆమెను అందరం పిలిచేవాళ్లం. మోతె నుంచి వచ్చిన క్రైస్తవురాలు, వెనకాముందూ ఎవరూ లేని విధవరాలు. డాక్టరమ్మ రాక ముందు నుంచీ, అంటే పదకొండేళ్లుగా, ఆ వంటిల్లే ఆమె లోకం. వంటింటి వెనక గదే ఆమె ఇల్లు. నేను మందుల తక్కెడ పట్టుకుని గుమ్మంలో నిలబడేసరికి ఆమె చీపురు కింద పెట్టి నన్ను పైనుంచి కిందికి చూసింది.

"బంగారం తూస్తవా, పిండి తూస్తవా?"

"అమ్మగారు తూచమన్నరు పెద్దమ్మా."

"నా చెయ్యే తక్కెడ. పదకొండేండ్ల సంది ఏ రొట్టె ఎక్కువ తక్కువ కాలె. ఇగ నువ్వొచ్చినవ్ అచ్చరాలు సదివి రొట్టె ఉబ్బించెటందుకు."

మొదటి ప్రయత్నం ఎట్లా అయిందో చెబితే నా వృత్తికే మచ్చ, అయినా చెప్తాను. రొట్టె పొంగడానికి ఈస్టు పొడి డబ్బా ఒకటి బెజవాడ నుంచి తెప్పించారు డాక్టరమ్మ. అది బస్సు టాపు మీద చైత్రమాసపు ఎండలో వచ్చింది. ఆ పొడిలో ప్రాణం ఉంటుందనీ, ఎండకు అది చచ్చిపోతుందనీ నాకు అప్పుడు తెలియదు. ఉత్తరంలో ఉన్నట్టే తూచి కలిపాను. దాల్చినచెక్క మా మందుల గదిలోనే ఉండేది, కడుపుబ్బరం నీళ్లలో వేయడానికి. దాన్ని మందులు నూరే కల్వంలో నూరాను. కల్వం కడిగాననే అనుకున్నాను. ముందురోజు అందులో నూరింది క్వినైన్.

నాలుగు గంటలు మూతపెట్టి ఉంచినా పిండి పెట్టినట్టే ఉంది. అయినా కాల్చాం. బయటికి తీసి చూస్తే తుంచుకు తినే రొట్టె కాదు, పగలగొట్టుకు తినే రొట్టె. పెద్దమ్మ ఒక మూల కొరికి, చాలాసేపు నమిలింది. "చేదుగున్నది" అంది. నేను కొరికాను. జ్వరం రాకముందే మందు పడ్డట్టయింది.

పారేయడానికి మనసొప్పక గేటు దగ్గరి వాచ్‌మన్‌కు ఇచ్చాం. మూడో రోజు అతను వచ్చి, "సారూ, చాయ్‌ల నానబెట్టుకుంట తింటున్న. ఇంక సగమున్నది. కాని నాకు వచ్చిపోయే చలిజ్వరం పోయింది. మల్లెప్పుడు చేస్తరు?" అని అడిగాడు.

పెద్దమ్మ నవ్వలేదు. ఈస్టు డబ్బా మూత తీసి వాసన చూసి, "ఇది సచ్చిన పొడి. దీన్ని నమ్ముకుంటే ఆనాడు దొర ముంగట అమ్మగారి ఇజ్జత్ పోతది" అంది.

"మరి నువ్వు వారం వారం చేసే రొట్టె దేంతోని పొంగుతది?"

ఆమె డబ్బా మూత మళ్లీ బిగించింది. శుక్రవారం శుక్రవారం ఆమె చేసే మామూలు రొట్టె దూదిలా ఉండేది. ఉడికించిన ఆలుగడ్డ నీళ్లు పులియబెట్టి చేస్తుందని డాక్టరమ్మ అందరికీ గొప్పగా చెప్పేవారు.

"ఆలుగడ్డ నీళ్లేనా?" అన్నాను మళ్లీ.

పెద్దమ్మ లేచి వెళ్లి వంటింటి తలుపు దగ్గరికి వేసింది. నా చెయ్యి పట్టుకుని తన నెత్తిన పెట్టుకుంది. "ఎవ్వలికి చెప్పనని నా మీద ఒట్టెయ్యి" అంది. వేశాను.

"తాటికల్లు" అంది.

వెనకటి డాక్టరమ్మ ఆలుగడ్డ నీళ్లే నేర్పిందట. ఒక వానాకాలం అవి చెడిపోయి వాసన కొడితే, గత్యంతరం లేక కల్లు గీసే గౌండ్లాయన దగ్గర చిన్న ముంత తెచ్చి పిండిలో పోసిందట. ఆ రోజు రొట్టె తిని ఆ డాక్టరమ్మ "ఇంత మంచి రొట్టె ఎన్నడూ తినలేదు" అందట. ఇక అప్పటినుంచీ ప్రతి శుక్రవారం పొద్దున్నే కంచె సందులో ఒక ముంత వచ్చి కూర్చుంటుంది. వెనకటామె పోయింది, ఈమె వచ్చింది, ముంత ఆగలేదు. ఏడేళ్లుగా మా డాక్టరమ్మ కల్లు మానండని ఊళ్లకు చెప్పి వచ్చి, అలసిపోయి, రెండు ముక్కలు కల్లు రొట్టె తిని పడుకుంటున్నారు.

"పాపం కాదా పెద్దమ్మా?"

"కాల్చినంక కల్లు యాడుంటది? ఆవిరయ్యి పోతది. పొంగు ఉంటది. నేను రోజు ప్రార్థన జేసుకుంట, ఆయనకు తెల్వదా? తెల్వంది అమ్మగారికే."

ఆ తియ్యరొట్టెలో వెన్న, గుడ్లు, చక్కెర పడతాయి కాబట్టి మామూలు ముంత చాలదు, పెద్దది కావాలంది. చిక్కేమిటంటే, వారం వారం ముంత పెట్టిపోయే గౌండ్లాయన కాలు బెణికి మంచంలో ఉన్నాడు. కట్టు కట్టింది మా డాక్టరమ్మే. కట్టు కడుతూ అతనికి కల్లు వల్ల కలిగే నష్టాలు కూడా చెప్పారు. అతను చేతులు కట్టుకుని విన్నాడట.

కాబట్టి తేవలసింది నేను.

పెద్దాయన వచ్చే రోజు తెల్లవారుతుండగానే ఊరి బయట తాటివనానికి పోయాను. అప్పుడే చెట్టు దిగిన ఒకాయన ముంతలోకి వంచుతూ నన్ను గుర్తుపట్టాడు.

"నువ్వు దవాఖాన కంపౌండరువు గాదె? మొన్ననే గద మీ అమ్మగారు మాకు కల్లు మానుమని చెప్పింది."

"చెప్పింది."

"మరి?"

"పనున్నది."

"అందరికి పనుంటనే వస్తరు బిడ్డా" అన్నాడు. "గీడ్నే తాగుతవా, కొంచవోతవా?"

ముంత మూతికి గుడ్డ కట్టుకుని పొలాల అడ్డదారిన వస్తున్నాను. అడ్డదారి ఎక్కడ బండిబాటలో కలుస్తుందో సరిగ్గా అక్కడ ఒక ఎడ్లబండి ఎదురైంది. అందులో హెడ్ నర్సమ్మ. ఏదో పల్లెలో పురుడు పోసి తిరిగి వస్తోంది. బండి ఆపించింది. ఆ ఎండాకాలపు కల్లు నేను నడిచిన ఊపుకు ముంతలో నిమ్మళంగా ఉండలేక, గుడ్డ దాటుకుని తెల్లగా నా మోచేతి మీదికి కారుతోంది.

"ఏంటది కంపౌండరు గారు?"

"మందులోకి, నర్సమ్మా."

ఇప్పటి పిల్లలు ఈ మాటకు పడి పడి నవ్వుతారు. అప్పట్లో మా దగ్గర మందంటే మందే. నర్సమ్మ మాత్రం నవ్వలేదు. ముక్కు ఒకసారి పైకెత్తి, "పోనివ్వయ్యా" అంది బండివాడితో.

పిండి కలిపింది పెద్దమ్మే. ఈసారి తక్కెడ నా చేతిలో ఉన్నా, చివరి మాట ఆమెదని ఇద్దరికీ తెలుసు. ముందు కల్లు, కొంచెం పిండి కలిపి పులియబెట్టింది. అది బుడగలు తేలాక మిగతా పిండి, గుడ్లు, వెన్న వేసి పిసికింది. దాన్ని ఎక్కడ ఉంచాలన్నది సమస్య. ఆ పూట వంటింట్లో అతిథుల భోజనాల వంట, పైగా చీమలు. మా మందుల గదిలో షర్బతు సీసాలు పెట్టే బల్ల కాళ్లు నాలుగూ నీళ్ల గిన్నెల్లో ఉండేవి, చీమ ఎక్కదు. అందుకని పిండి ఉన్న ఎనామిల్ గిన్నె తెచ్చి ఆ బల్ల మీద పెట్టి, తడిగుడ్డ కప్పాను. మిగిలిన కల్లు ముంతను అవసరం పడితే అని బల్ల కింద పెట్టాను. అది నా బుద్ధి తక్కువ.

ఆ రోజు జనం ఎక్కువ. నేను సీసాలు నింపుతూ, చీటీలు చదువుతూ గిన్నె సంగతి మరిచిపోయాను. సూర్యాపేట ఎండ మరిచిపోలేదు. పదకొండు గంటలకు ఒక ముసలాయన మందు అందుకుంటూ, "సారూ, ఎనక ఏదో లేస్తున్నది" అన్నాడు. తిరిగి చూస్తే పిండి తడిగుడ్డను నెత్తిన పెట్టుకుని గిన్నె దాటి బల్ల మీదికి దిగుతోంది. వెళ్లి రెండు చేతులతో అదిమాను. అదమగానే లోపల ఉన్న గాలంతా ఒక్కసారి బయటికి వచ్చింది. మందుల గది తాటివనమైపోయింది. వరసలో నిలబడ్డవాళ్లు ఒకరినొకరు చూసుకున్నారు. వెనక ఉన్నవాళ్లు ముందుకు జరిగారు.

సరిగ్గా అప్పుడు డాక్టరమ్మ గుమ్మంలోకి వచ్చారు. వెనక నర్సమ్మ.

డాక్టరమ్మ పిండి వైపు చూడనే లేదు. వంగి బల్ల కింది ముంతను చూశారు. తర్వాత నన్ను చూశారు. నా చేతులు మోచేతుల దాకా పిండి.

"ఈ ముంత ఎవరిది?"

"నాదేనమ్మా."

"ఇందులో నున్నది కల్లా?"

"అవునమ్మా."

"త్రాగుటకు తెచ్చితిరా?"

తాగడానికి కాదని చెప్పొచ్చు. మరెందుకని అడుగుతారు. అక్కడి నుంచి పెద్దమ్మ వంటిల్లు నాలుగు అడుగులు. డెబ్బై ఏళ్లకు దగ్గరపడుతున్న మనిషి, ఆ వంటిల్లు పోతే మోతెలో కూడా ఆమెకు గుమ్మం లేదు. నేను నోరు తెరవలేదు. చివరికి డాక్టరమ్మ ఎంత మెల్లగా అన్నారంటే, నర్సమ్మ కూడా ముందుకు వంగి వినవలసి వచ్చింది. "అతిథి వెళ్లిన పిమ్మట మాట్లాడెదము. నాకు మిక్కిలి విచారముగా నున్నది."

మా అమ్మ అరుగు మీద దగ్గుతూ కూర్చున్న ఎనిమిది మంది నా కళ్ల ముందు మెదిలారు.

అయినా రొట్టె ఆగదు కదా. వంటింటికి గిన్నె మోసుకుపోయి, ఇద్దరం ఉండలు చేయడానికి కూర్చున్నాం. జరిగింది పెద్దమ్మకు నేను చెప్పలేదు. రొట్టె కాల్చే కొలిమి అంటే ఒక పెద్ద రేకు పెట్టె, కింద నిప్పులు, మూత మీద నిప్పులు. ఉత్తరంలో ఇన్ని డిగ్రీల వేడి ఉండాలని రాసి ఉంది. మా దగ్గర ఉన్నది జ్వరం చూసే థర్మామీటరు. దాన్ని తెస్తానంటే పెద్దమ్మ, "రొట్టెకు సంకల పెడ్తవా?" అంది. ఆమె పద్ధతి వేరు. పెట్టెలో చిటికెడు పిండి చల్లి, మూతవేసి, పరలోక ప్రార్థన మొదలుపెట్టేది. రెండుసార్లు చదివేలోపల పిండి ఎర్రబడితే వేడి సరిపోయినట్టు. ఒక్కసారికే నల్లబడితే నిప్పులు తీయాలి. ఆ రోజు మూడోసారి ఆమేన్ దగ్గర ఎర్రబడింది. ఇంకో రెండు బొగ్గులు వేసి గిన్నె లోపల పెట్టాం.

కాలుతున్న వెన్న, చక్కెర, దాల్చినచెక్క వాసన ఆవరణంతా పరుచుకుంది. చెట్టు కింద కూర్చున్న రోగుల బంధువులు లేచి నిలబడ్డారు. మా వైపు దాల్చినచెక్క అంటే పలావే. "దొర వస్తున్నడని పలావు వండుతున్నరు" అని మాట పుట్టింది. సాయంత్రానికి దవాఖాన గేటు ముందు ఇస్తరాకులు పట్టుకుని ఇద్దరు నిలబడి ఉన్నారు.

నేను కాసేపు మందుల గదికి పోయి వచ్చాను. ఆ మధ్యలో నర్సమ్మ వంటింటికి వచ్చి, "పాపం కంపౌండరు గారికి ఈ పూటతో సరి, పొద్దున్నే ముంతతో దొరికాడు" అని చెప్పి పోయిందట. నేను తిరిగి వచ్చేసరికి పెద్దమ్మ నిప్పులు ఊదుతోంది. పొగకు అనుకున్నాను, కళ్లు ఎర్రగా ఉన్నాయి.

రొట్టె దిగింది. గిన్నె బోర్లిస్తే కొండలా నిలబడింది. ఉండల మధ్య చక్కెర కరిగి పాకమై గోధుమరంగులో మెరుస్తోంది. నా కష్టకాలంలో కూడా ఆకలేసింది.

టీ బల్ల దగ్గర నలుగురున్నారు. వచ్చిన పెద్దాయన, డాక్టరమ్మ, పాస్టరయ్య, నర్సమ్మ. నేను పళ్లెం పట్టుకుని గోడ పక్కన నిలబడ్డాను. పెద్దాయన తెల్లటి గడ్డంతో, చాలా గంభీరంగా ఉన్నాడు. రొట్టెను చూడగానే ఆ గాంభీర్యం కొంచెం కదిలింది. వేళ్లతో ఒక ఉండ తుంచి నోట్లో వేసుకున్నాడు. ఇంకోటి. మూడోది తుంచేటప్పుడు డాక్టరమ్మ చెయ్యి కూడా అదే ఉండ మీద పడింది. ఇద్దరూ నవ్వుకున్నారు. నడుమ ఉన్న ముక్క ఆయనే తిన్నాడు. ఈ దేశంలో ఇరవై ఏళ్లుగా ఇటువంటి రొట్టె తినలేదనీ, ఇంత బాగా పొంగించడం ఇక్కడి ఎండల్లో ఎలా సాధ్యమైందనీ ఇంగ్లీషులో అడిగాడు. వండిన మనిషిని పిలవమన్నాడు.

పెద్దమ్మ కొంగుతో చేతులు తుడుచుకుంటూ వచ్చి నిలబడింది. డాక్టరమ్మ అడిగారు. "ఈ రొట్టె యింత చక్కగా పొంగుటకు నీవేమి చేసితివని దొరగారు అడుగుచున్నారు. బెజవాడ ఈస్టు సంగతి చెప్పుము."

పెద్దమ్మ నా దిక్కు చూసింది. నేను తల అడ్డంగా ఊపాను. ఆమె చూడనట్టే తల తిప్పుకుంది.

"ఆ పొడి సచ్చిపోయిందమ్మా. ఇది తాటికల్లుతోని పొంగింది. ఈ పిలగాడు తాగలె. ఆ ముంత నాకోసరం తెచ్చిండు. నేనే ఒట్టు పెట్టించుకున్న, అందుకే మాట్లాడలె. ఒక్క ఇయ్యాల్నే గాదు. మీరొచ్చిన కాడినించి ప్రతి శుక్రారం కల్లుతోనే చేస్తున్న. తీసేస్తే నన్ను తీసెయ్యుండ్రి."

పాస్టరయ్య నములుతున్న నోరు ఆగింది. నర్సమ్మ కప్పు సాసరులో పెట్టిన చప్పుడు వినిపించింది. డాక్టరమ్మ ముఖం ముందు తెల్లబడి, తర్వాత చెవుల దాకా ఎర్రబడింది. పెద్దాయనకు తెలుగు రాదు. నోరంతా తీపితో, ఆమె ఏమందని డాక్టరమ్మను ఆతృతగా అడుగుతున్నాడు.

డాక్టరమ్మ అబద్ధం ఆడరు. అది మాకందరికీ తెలుసు. ఆమె చేతిలో ఉన్న ముక్క వైపు చూసుకున్నారు. తర్వాత ఇంగ్లీషులో నెమ్మదిగా, ఒక్కొక్క మాట తూచి, "ఈ ప్రాంతంలో పెరిగే ఒక చెట్టు నుంచి తీసిన రసంతో అట" అన్నారు.

నేను ఎన్నో మందులు పలచన చేశాను గానీ, అంత చక్కగా ఎన్నడూ చేయలేదు.

పెద్దాయన పొంగిపోయాడు. జేబులోంచి చిన్న పుస్తకం తీసి రాసుకున్నాడు. పెద్దమ్మ చెయ్యి పట్టుకుని ఊపాడు. పెద్దమ్మకు ఏమీ అర్థంకాక, తీసేశారేమో అనుకుని, "సామాను సర్దుకోవాల్నా?" అని నన్ను అడిగింది.

అంతటితో ఐపోతే బాగుండేది. ఎండ చల్లబడ్డాక బడి ముందు సభ జరిగింది. ఊరు ఊరంతా వచ్చింది, పలావు ఆశతో కొందరు. పెద్దాయన మాట్లాడుతుంటే పాస్టరయ్య తెలుగులో చెప్తున్నాడు. కల్లు వల్ల సంసారాలు ఎట్లా చెడతాయో చెప్పినంతసేపూ బాగానే ఉంది. అంతలో పెద్దాయన గొంతు మెత్తబడింది. చెయ్యి గుండె మీద పెట్టుకుని ఏదో చెప్పాడు. పాస్టరయ్య ఆగిపోయాడు. పెద్దాయన మళ్లీ చెప్పాడు. ఇక తప్పక పాస్టరయ్య ఎటో చూస్తూ చెప్పాడు.

"ఇయ్యాల మీ ఊళ్లో ఒక చెట్టు రసంతో చేసిన రొట్టె తిన్నానంటున్నారు. దేవుడు మీకు అంత మంచి చెట్టు ఇచ్చాడంటున్నారు. అంత మంచి చెట్టును పక్కన పెట్టుకుని మీరు కల్లు వైపు ఎందుకు పోతారని అడుగుతున్నారు."

ముందు వరసలో ఒక ముసలాయన కర్ర ఆనుకుని లేచాడు.

"ఏ చెట్టయ్యా అది?"

పాస్టరయ్య మెడ మీద చెమట దారకట్టింది. "సభ అయినంక చెప్త" అన్నాడు.

సభ అయింది. ఒక్కడూ లేవలేదు. నాకు తెలిసి సూర్యాపేటలో కల్లు మాన్పించే సభ చివరిదాకా నిండుగా ఉన్నది ఆ ఒక్కరోజే. పాస్టరయ్య సైకిలు తీసుకుని బడి వెనక నుంచి పోయాడు. ఆడవాళ్ల వైపు చూస్తే పెద్దమ్మ కొంగు నోట్లో కుక్కుకుని కూర్చుంది. డాక్టరమ్మ నేల చూస్తున్నారు. ఆమె భుజాలు కదులుతున్నాయి. ఏడుస్తున్నారేమో అనుకున్నాను. కాదు.

బంగళాకు తిరిగి వస్తూ పెద్దమ్మను అడిగాను. "చెప్పనని నాతోని ఒట్టు వేయించి, నువ్వెందుకు చెప్పినవ్?"

"ఒట్టు నీతోని వేయించిన" అంది. "నేనెయ్యలె గద."

మరునాడు పొద్దున డాక్టరమ్మ ఇద్దరినీ గదికి పిలిచారు. నన్ను కూర్చోమన్నారు. ఆ గదిలో కంపౌండరు కూర్చోవడం అదే మొదలు. "నేను మిమ్మును అన్యాయముగా అనుమానించితిని. క్షమింపుడు" అన్నారు. నాకు కళ్లల్లో నీళ్లు తిరిగాయి. "పర్వాలేదమ్మా, ఒకసారి తాగినోణ్నే గదా" అన్నాను. తర్వాత పెద్దమ్మ వైపు తిరిగారు.

"ఏడు సంవత్సరములు" అన్నారు.

"అవునమ్మా. మీకు ఒక్కనాడన్న మత్తెక్కిందా?"

డాక్టరమ్మ కిటికీ వైపు తిరిగారు. "ఇకమీదట వలదు" అన్నారు. పెద్దమ్మను తీసేయలేదు. ఆ సంగతి మళ్లీ ఎత్తలేదు.

నాలుగు శుక్రవారాలు రొట్టె లేదు. డాక్టరమ్మ చపాతీలు తిన్నారు. పెద్దమ్మ అన్నీ బాగా చేసేది గానీ, చపాతీ చేతకాదో, కావాలనే అట్లా చేసిందో దేవుడికే తెలియాలి. అవి చల్లారితే ఎక్స్‌రే పలకల్లా నిలబడేవి. నర్సమ్మ కూడా, పైకి అనలేదు గానీ, శుక్రవారం మధ్యాహ్నం వంటింటి వెనక తలుపు దాకా వచ్చి ఉత్తచేతులతో తిరిగిపోయేది. అప్పటిదాకా ఆమెకూ వారం వారం ఒక ముక్క ముట్టేదని అప్పుడు తెలిసింది. అంత ముక్కుండి కూడా ఆమె పసిగట్టలేదా, పసిగట్టి ఊరుకుందా అన్నది నేను అడగలేదు. ఆమెతో అంత చనువు నాకెన్నడూ లేదు.

అయిదో శుక్రవారం డాక్టరమ్మ స్వయంగా వంటింట్లోకి వచ్చారు. నేను దగ్గుమందులోకి చక్కెర పాకం కోసం వచ్చి అక్కడే ఉన్నాను.

"రొట్టె ఏల చేయుట లేదు?" అన్నారు.

"దేంతోని చెయ్యాల్నమ్మా?" అంది పెద్దమ్మ, పీట మీద నుంచి లేవకుండానే.

డాక్టరమ్మ గొంతు తగ్గించారు. కానీ అది కోపం తగ్గింపు కాదు. "దేనితో చేసెదవని నేను అడుగలేదు. ఏల చేయుట లేదని మాత్రమే అడిగితిని" అని, గబగబా వార్డు వైపు వెళ్లిపోయారు.

ఎనిమిది నెలల తర్వాత నా కాగితాల మీద సంతకం పెట్టింది ఆమే. పరీక్ష పాసై, ఇంకో మూడేళ్లు అక్కడే పనిచేసి, ఆ తర్వాత మిర్యాలగూడ సర్కారు దవాఖానకు పోయాను. మిగతా సర్వీసంతా అక్కడే గడిచింది. అక్కడ ఎంతోమంది పై అధికారుల కింద పనిచేశాను. తప్పు పట్టినవాళ్లున్నారు, చూసీ వదిలేసినవాళ్లున్నారు. తాము పొరబడ్డామని కంపౌండరును కూర్చోబెట్టి చెప్పినవాళ్లు మాత్రం మళ్లీ కనపడలేదు.

సూర్యాపేటలో నేనున్నంతకాలం గౌండ్లాయన మళ్లీ ముంత తేలేదు, కాలు బాగుపడ్డా మా కంచె దాకా రావడానికి భయపడి. కాబట్టి ప్రతి శుక్రవారం నేనే తాటివనానికి పోయి వచ్చేవాణ్ని. తిరిగి వచ్చే వేళకు డాక్టరమ్మ పల్లెల్లో రోగులను చూడటానికి అదే బాటన బయలుదేరేవారు. నేను ముంతతో ఎదురవుతుంటే, ఇంకా ఎండ రాని ఆ పొద్దులో, ఆమె గొడుగు విప్పి ముఖానికి అడ్డంగా వంచుకుని, నా పక్కనుంచి నడిచిపోయేవారు.